చైనా స్త్రీల చరిత్ర చదవదలచినవారికి

నల్గొండలో నా దగ్గర చరిత్ర చదువుకునే విద్యార్థులు ప్రాజెక్టుకు చైనా స్త్రీల జీవితాన్ని ఎంచుకున్నప్పుడల్లా మొదట రాసుకొచ్చే మాట దాదాపు ఒకటే: చైనాలో స్త్రీ వేల ఏళ్ళు బానిసగా బతికింది, పాదాలు కట్టేశారు, విప్లవం వచ్చి విడిపించింది. చదువుకునే రోజుల్లో నేనూ అదే రాశాను. ఆ మాటకు ఒక పుట్టుక ఉందని అప్పట్లో నాకు తెలియదు. 1919లో చైనా విద్యార్థులు మొదలుపెట్టిన మే 4 ఉద్యమ కాలపు రచయితలు పాత వ్యవస్థను కూలదోయాలన్న పట్టుదలతో, దాని దుర్మార్గానికంతటికీ గుర్తుగా నోరులేని స్త్రీని నిలబెట్టారు. తరువాతి వారు ఆ బొమ్మనే చరిత్రగా చదువుకున్నారు. 1994లో వచ్చిన ‘టీచర్స్ ఆఫ్ ది ఇన్నర్ ఛాంబర్స్’లో చరిత్రకారిణి డొరతీ కో ఈ బొమ్మనే ప్రశ్నించి, పదిహేడో శతాబ్దంలో యాంగ్జీ నది దిగువ ప్రాంతపు స్త్రీలు చదివారని, కవిత్వం రాశారని, ఉత్తరాలతో స్నేహాలు నిలుపుకున్నారని చూపించారు. బాధ లేదని ఆమె అనలేదు. బాధితురాలు అన్న ఒక్క మాటతో మనిషి జీవితం ముగిసిపోదని అన్నారు. అందుకే మీరు ఏ పేజీ తెరిచినా ముందు అడగవలసినది, ఈ స్త్రీ గురించి రాసింది ఎవరు, ఎవరి మెప్పు కోసం రాశారు అన్నది.

రెండో పని, విషయాన్ని చిన్నది చేసుకోవడం. ‘తెలంగాణ స్త్రీ’ అని ఎవరైనా అంటే, గడీలోని దొరసానా, దేవరకొండ తండాలోని లంబాడీ స్త్రీనా, పోచంపల్లిలో మగ్గం ఉన్న ఇంటి కోడలా అని మనం వెంటనే అడుగుతాం. చైనా విషయంలోనూ అలాగే కాలం, ప్రాంతం, ఇంటి స్థితి మూడూ తేల్చుకోండి. సోంగ్ కాలం (960–1279), మింగ్ కాలం (1368–1644), చింగ్ కాలం (1644–1912) ఒకదానికొకటి ఎంత దూరమో, అదే కాలంలో పండితుని ఇల్లూ కౌలురైతు ఇల్లూ అంతే దూరం.

పేర్ల దగ్గర చాలామంది తడబడతారు. చైనా పేర్లను ఇంగ్లీషు అక్షరాల్లో రాయడానికి పాత పుస్తకాలలోని పద్ధతి వేరు, పిన్యిన్ అనే నేటి పద్ధతి వేరు. మనకు అలవాటైన మావో సే టుంగే కొత్త పుస్తకాలలో మావో జెడాంగ్ అయినట్లు, ఒకే స్త్రీ రెండు పుస్తకాలలో ఇద్దరిలా కనిపిస్తుంది. ఇంటిపేరు ముందు వస్తుంది. పెళ్ళయినా స్త్రీ పుట్టింటి పేరు పోదు, కాని ఆమె సొంత పేరు మాత్రం రికార్డుల్లో చాలాసార్లు ఉండదు. ‘చెన్ గారి భార్య, వాంగ్ షీ’ అంటే వాంగ్ ఇంటి ఆడపడుచు అని మాత్రమే అర్థం. దాన్ని ఆమె పేరనుకుని రాస్తే, ఊళ్ళోని వాంగ్ ఇంటి ఆడపిల్లలందరినీ ఒక్క మనిషిగా కలిపేసినవారవుతారు.

వయసు కూడా చూసి లెక్కపెట్టాలి. మన ఇళ్ళలో ‘ఇరవై నాలుగో ఏడు నడుస్తోంది’ అనడం వేరు, ‘ఇరవై నాలుగు నిండాయి’ అనడం వేరు. చైనా పాత లెక్కలో నడిచే ఏడే వయసు: పుట్టగానే ఒకటి, కొత్త సంవత్సరం వచ్చినప్పుడల్లా మరొకటి. సంవత్సరాంతపు నెలలో పుట్టిన పాప నెల తిరగకముందే రెండేళ్ళదవుతుంది. పుస్తకంలో పదిహేనేళ్ళకు పెళ్ళి అని ఉంటే మన లెక్కకు పదమూడో, పద్నాలుగో అని గుర్తుపెట్టుకోండి.

ఇప్పుడు ఒక రకమైన రికార్డును దగ్గరగా చూద్దాం, ఎందుకంటే ఇక్కడే చదవడం అసలు నేర్చుకుంటాం. చైనాలో ప్రతి జిల్లాకూ మన కైఫీయత్తులకూ గెజెటీర్లకూ నడుమన ఉండే స్థానిక చరిత్ర గ్రంథాలుండేవి, వాటిలో పతివ్రతల జాబితాలు పేజీల కొద్దీ సాగేవి. ఒక్కో స్త్రీకి రెండు మూడు పంక్తులే. ఫలానావారి భార్య, వాంగ్ షీ, ఇరవై నాలుగో ఏట భర్త పోయాడు, అత్తను సేవించింది, కొడుకును పెంచింది, ఇప్పుడు యాభై ఆరేళ్ళు. ఇలాంటి నమోదును చదివి కన్నీరు పెట్టుకోవచ్చు, కోపగించుకోవచ్చు. రెండింటికీ ముందు అంకెలను చూడండి. మింగ్ రాజ్యస్థాపకుడు పెట్టిన నియమం ప్రకారం ముప్పై ఏళ్ళలోపు భర్తను పోగొట్టుకుని, యాభై దాటేదాకా మారుమనువాడని స్త్రీకే రాజగౌరవం. ఆ ఇంటికి వెట్టిపని మినహాయింపు. చింగ్ కాలంలో ఆమె గౌరవార్థం స్మారక తోరణం కట్టుకోవడానికి 30 తాయెల్‌ల వెండిని ఇచ్చేవారు. తాయెల్ అంటే చైనా తూకం, మన తులానికి మూడింతలకు పైగా బరువు. సంగతేమిటంటే, ఆ ఇరవై నాలుగూ యాభై ఆరూ అర్హత చూపించడానికి రాసిన అంకెలు. జాబితాకెక్కని స్త్రీలు మారుమనువాడినవారే కానక్కరలేదు. నలభై ఎనిమిదో ఏట చనిపోయినవారూ, దరఖాస్తు పెట్టేవారు లేని పేదలూ కావచ్చు.

మరో వైపు నుంచి చట్టం చూడండి. మారుమనువాడిన వితంతువుకు భర్త ఆస్తి మీద హక్కు పోయేది, తాను తెచ్చుకున్న కట్నం కూడా అత్తింటికే మిగిలేది. అంటే ఆమె మారుమనువాడితే మరుదులకు లాభమున్న ఇళ్ళున్నాయి, ఆమె కట్టుబడి ఉంటే పరువు దక్కే ఇళ్ళున్నాయి. ఆమె గట్టిగా నిలబడడం కొన్నిచోట్ల విధేయత, కొన్నిచోట్ల పొలాన్నీ కొడుకునూ కాపాడుకునే పట్టుదల. జాబితా ఈ తేడా చెప్పదు. కోర్టు కాగితాలు చెబుతాయి; చరిత్రకారుడు మాథ్యూ సోమర్ చింగ్ కాలపు న్యాయ రికార్డుల నుంచి రాసిన పుస్తకాలను ఆ పతివ్రతల జాబితాల పక్కన పెట్టుకుని చదివితే, పేద ఇళ్ళలో వితంతువుల మారుమనువు ఎంత మామూలు విషయమో తెలుస్తుంది.

నీతి గ్రంథాల విషయంలోనూ ఇదే జాగ్రత్త పాటించాలి. సుమతీ శతకంలో స్త్రీల గురించి ఉన్న పద్యాలను చూసి మన ఊరి ఆడవాళ్ళు అలాగే నడుచుకున్నారని ఎవరూ అనుకోరు. హాన్ కాలంలో బాన్ ఝావో రాసిన ‘స్త్రీలకు పాఠాలు’ వినయం, అణకువ నేర్పుతుంది. అదే పుస్తకం ఆడపిల్లలకు కూడా మగపిల్లల్లాగే చదువు చెప్పాలని వాదిస్తుంది. అన్నగారు బాన్ గూ మరణించాక హాన్ వంశ చరిత్రను పూర్తిచేసింది కూడా ఈమెనే. కోడలు ఎలా ఉండాలో చెప్పిన చెయ్యీ రాజ్య చరిత్ర రాసిన చెయ్యీ ఒకటే.

నాకు అన్నిటికంటే ముఖ్యమనిపించేది పని. మగవాడు దున్నాలి, ఆడది నేయాలి అన్నది చైనాలో పాత సూక్తి. పన్ను ధాన్యంతోపాటు గుడ్డ రూపంలోనూ కట్టిన కాలాల్లో రాజ్యపు ఖజానాలో సగం బరువు స్త్రీల చేతులదే. ఆ తరువాత ఖరీదైన నేత మగవాళ్ళ కార్ఖానాలకు తరలిందని, స్త్రీ పని కనుమరుగైందని ఫ్రాన్సెస్కా బ్రే 1997 నాటి ‘టెక్నాలజీ అండ్ జెండర్’లో వివరించారు. పాత నల్గొండ జిల్లావాళ్ళకు ఇది చెప్పనక్కరలేదు. పోచంపల్లి చీర మగ్గం మీద కూర్చున్నవాడి పేర లెక్కకొస్తుంది. నేతకు ముందు నూలును ఆసు పోసిన స్త్రీ చెయ్యి అర్ధచంద్రాకారపు చట్రం మీది మేకుల చుట్టూ ఒక్క చీరకే వేలసార్లు తిరుగుతుంది. ఆలేరు ప్రాంతపు చింతకింది మల్లేశం తన తల్లి లక్ష్మి పడిన ఆ నొప్పిని చూసి ఆసు యంత్రాన్ని చేశారు, 2017లో పద్మశ్రీ అందుకున్నారు.

అదే 2017లో లారెల్ బాసెన్, హిల్ గేట్స్ పాదబంధనం, అంటే ఆడపిల్లల పాదాలు పెరగకుండా గుడ్డతో బిగించి కట్టే ఆచారం గురించి ‘బౌండ్ ఫీట్, యంగ్ హ్యాండ్స్’ ప్రచురించారు. పల్లెల్లోని వృద్ధ స్త్రీలను అడిగి తెలుసుకుని వారు చెప్పిందేమిటంటే, పాదాలు కట్టడం అందం కోసమో పెళ్ళి కోసమో మాత్రమే కాదు, చిన్నపిల్లను కదలకుండా కూర్చోబెట్టి నూలు వడికించడానికి కూడా. మిల్లు నూలు వచ్చి ఇంటి వడుకు పోయిన చోట ఆ ఆచారమూ పోయింది. 1902లో రాజమాత త్సీషీ ఆజ్ఞ, 1912లో గణతంత్ర నిషేధం ముఖ్యమే. కాని వాటితోనే ఆచారం ఆగిందని రాయకండి. బాసెన్, గేట్స్ వాదనను అందరూ ఒప్పుకోరు. డొరతీ కో 2005 పుస్తకం ‘సిండరెల్లాస్ సిస్టర్స్’తో కలిపి చదివి మీ నిర్ణయానికి రండి.

స్త్రీల సొంత మాటకు రావాలంటే ముందుగా సోంగ్ కాలపు కవయిత్రి లీ చింగ్‌ఝావో (1084–సుమారు 1155) దగ్గర కూర్చోండి. భర్త శాసనాల మీద రాసిన గ్రంథానికి ఆమె రాసిన అనుబంధం, 1127లో ఉత్తర రాజధాని పడిపోయాక దక్షిణానికి పారిపోతూ జంట కలిసి కూడబెట్టిన పుస్తకాలు, శాసనాల మీద కాగితం అద్ది తీసిన నకళ్ళు ఒక్కొక్కటిగా చెయ్యి జారిన వైనం. కెనడాలోని మెక్‌గిల్ విశ్వవిద్యాలయం మింగ్, చింగ్ కాలాల స్త్రీల రచనలను అంతర్జాలంలో ఉచితంగా ఉంచింది. చైనీస్ రాకపోయినా ఎంతమంది రాశారో కళ్ళారా చూడడానికి తెరవండి. భాష నేర్చుకోదలచినవారికి హైదరాబాదులోని ఇఫ్లూ (ఇంగ్లీషు, విదేశీ భాషల విశ్వవిద్యాలయం) దగ్గరలోనే ఉంది.

రాయడం రాని స్త్రీల కోసం నోటిమాట చరిత్ర కావాలి. 1945లో వచ్చిన ‘ఎ డాటర్ ఆఫ్ హాన్’లో షాన్‌డోంగ్‌కు చెందిన ఒక పనిమనిషి తన కథను ఐడా ప్రూయిట్‌కు చెప్పింది: నల్లమందుకు బానిసైన భర్త కూతురిని అమ్మేయడం, తాను అడుక్కోవడం, ఇళ్ళలో పనిచేయడం. అమెరికా చరిత్రకారిణి గెయిల్ హర్షాటర్, చైనాకు చెందిన పరిశోధకురాలు గావ్ షియావోషియన్‌తో కలిసి షాన్‌షీ పల్లెల్లో 72 మంది వృద్ధ స్త్రీలతో మాట్లాడి 2011లో ‘ది జెండర్ ఆఫ్ మెమరీ’ రాశారు. ఆ స్త్రీల కాలం ప్రభుత్వ ఉద్యమాల తేదీలతో నడవలేదు, కాన్పులతో, పిల్లల పెంపకంతో నడిచింది. ‘రజాకార్ల కాలంల’, ‘పోలీస్ యాక్షన్ ఐనంక’ అని తేదీలు చెప్పే అవ్వల మధ్య పెరిగిన మనకు ఈ పుస్తకం తొందరగా పట్టుబడుతుంది. తెలంగాణ పోరాట స్త్రీల మాటలతో స్త్రీ శక్తి సంఘటన 1986లో తెచ్చిన ‘మనకు తెలియని మన చరిత్ర’ను ముందు చదివి, తరువాత హర్షాటర్‌ను చదవండి. ఆ క్రమంలో చదివిన నా విద్యార్థులు, ఈ అవ్వ దేన్ని చెప్పకుండా దాటేసింది అని తమంతట తామే అడగడం మొదలుపెట్టారు.

రాసుకునేటప్పుడు నోటుపుస్తకం పేజీని నిలువుగా మడవండి. ఎడమవైపు రికార్డు చెప్పిన మాట, ఎవరు రాశారో, ఏ సంవత్సరమో రాయండి. కుడివైపు మీ అనుమానం. ఒక పేరుకు మొదట ఎంచుకున్న తెలుగు రూపాన్నే చివరిదాకా ఉంచండి. కుడివైపు సగం ఖాళీగా ఉన్న పేజీని మరోసారి చదవాలి.