మనల్ని అడక్కుండా తీసిన వీడియో వైరల్ అయితే ఏం చెయ్యాలి

అలాంటి వీడియో కనపడగానే చాలామంది కింద కోపంగా కామెంట్ పెడతారు, లేదా "చూడండి వీడేం చేశాడో" అని వాట్సాప్ గ్రూపుల్లో వేస్తారు. రెండూ వద్దు. ఇంకో నలుగురికి మనమే చూపించినట్టవుతుంది. ముందు లింక్ కాపీ చేసి దాచుకోండి. పెట్టినవాళ్ల ఐడీ, తేదీ కనిపించేలా స్క్రీన్‌షాట్లు తీసుకోండి.

గుంటూరు బ్రాడీపేటలో నాది సెల్‌ఫోన్ రిపేరు షాపు. మా సందు చివర పూలమ్మే పిన్నిగారి చేతిలో ఎవరో కుర్రాడు ఐదొందల నోటు పెట్టి, ఆవిడ కళ్లు తుడుచుకుంటుంటే దగ్గరగా తీసి యూట్యూబ్‌లో పెట్టాడు. సాయం చేసే వీడియోల ట్రెండు కదా. కింద దండాల బొమ్మలే. కానీ వియ్యాలవారు ఫోన్ చేసి "అంత ఇబ్బందిగా ఉందా వదినగారూ" అన్నారట. ఇన్నేళ్లూ ఎవరి దగ్గరా చెయ్యి చాచని మనిషి, ఆ మాటతో నా షాపులో కూర్చుని ఏడ్చింది.

ముందు మర్యాదగా మెసేజ్ పెట్టండి. వీడియో తీసెయ్యమంటే ఎవరూ వినరు, ముఖం బ్లర్ చెయ్యమంటే కొందరు వింటారు. వీడియో పెట్టినవాళ్లు తమ యూట్యూబ్ స్టూడియోలో (ఛానెల్ నడిపేవాళ్లు వీడియోలు చూసుకునే చోటు) ఎడిటర్‌లోకి వెళితే, ఎప్పుడో పెట్టిన వీడియోలో కూడా ముఖాలు బ్లర్ చెయ్యొచ్చు. వ్యూస్ ఎక్కడికీ పోవు. ఆ మాట తప్పకుండా చెప్పండి.

జవాబు రాకపోతే యూట్యూబ్‌కి ప్రైవసీ ఫిర్యాదు పెట్టాలి. వీడియో కింద ఉండే మామూలు రిపోర్ట్ కాదు, హెల్ప్ పేజీల్లో దీనికి వేరే దారి ఉంది. వీడియోలో ఉన్న మనిషే పెట్టాలి. పిల్లలైతే అమ్మానాన్నలు పెట్టొచ్చు, కంప్యూటర్ అందుబాటులో లేనివాళ్ల తరఫున ఇంకొకరు పెట్టొచ్చు. ఎక్కడ కనిపిస్తున్నామో విడమరిచి రాయాలి. పిన్నిగారి ఫిర్యాదులో "0:14 నుంచి 0:31 వరకు, పసుపు చీర, ఒళ్లో మల్లెల బుట్ట" అని రాశాం. మామూలుగా పెట్టినవాళ్లకి 48 గంటలు గడువిస్తారు. ఆ గడువులోనే కుర్రాడు ముఖం బ్లర్ చేశాడు. అన్నిసార్లూ ఇలా జరగదు; వార్తగా జనానికి తెలియాల్సిన విషయమైతే యూట్యూబ్ తీయకపోవచ్చు.

మార్ఫింగ్ ఫోటోలు, చాటుగా తీసిన నగ్న వీడియోలు అయితే మెసేజ్‌లు, బతిమాలడాలు వద్దే వద్దు. నేరుగా జాతీయ సైబర్ క్రైమ్ పోర్టల్‌లో ఫిర్యాదు చెయ్యండి. ఆడవాళ్లు, పిల్లలకు సంబంధించినవైతే పేరు చెప్పకుండా కూడా పెట్టొచ్చు. చాటుగా అలా తీసినా, పంచినా ఐటీ చట్టం 66ఈ కింద మూడేళ్ల దాకా జైలు, రెండు లక్షల దాకా జరిమానా, లేదా రెండూ పడొచ్చు.

రీల్స్ తీసే తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, తీసింది వాళ్లకి చూపించి, "పెట్టమంటారా?" అని అడిగాకే పెట్టండి. బండి మీద క్యూఆర్ కోడ్ స్టాండు ఉంటే ఫ్రేములోంచి తప్పించండి. దాని మీద పేరుంటుంది, చాలాసార్లు ఫోన్ నంబరు కూడా ఉంటుంది.