టాయిలెట్ జామ్ తీసే ముందు ఇవి చూసుకోండి

- ఫ్లష్ మళ్లీ నొక్కొద్దు, పొంగుతుంది.

- అన్నిటికన్నా ముఖ్యం: ముందే ఎవరైనా ఏమైనా పోశారా అని ఇంట్లో అందరినీ అడగండి. యాసిడ్, బ్లీచింగ్ పౌడర్ కలిస్తే క్లోరిన్ గ్యాస్ వస్తుంది, ఊపిరితిత్తులు దెబ్బతింటాయి. చాలా టాయిలెట్ క్లీనర్లలో ఉండేదీ యాసిడే. అది పోసి ఉంటే ప్లంజర్ (జామ్ తీసే రబ్బరు కప్పు కర్ర) కూడా పెట్టొద్దు, కళ్లలోకి చిందుతుంది.

- సబ్బు లిక్విడ్ వేసి వేడినీళ్లు పోయొచ్చు. మరిగే నీళ్లు మాత్రం వద్దు, పింగాణీ పగలొచ్చు. స్నానానికి కాచుకునేంత వేడి చాలు.

- గ్లౌజులు, తెరిచిన కిటికీ తప్పనిసరి.

- నెల్లూరు, ఒంగోలు వైపు అక్టోబరు నుంచి డిసెంబరు దాకా వానలు. ఆ రోజుల్లో సెప్టిక్ ట్యాంకు ఉన్న ఇంట్లో బాత్రూం నీళ్లు కూడా మెల్లగా పోతుంటే ట్యాంకు నిండిందేమో చూడండి. నిండితే ట్యాంకు ఖాళీ చేసే బండిని పిలిపించండి. ట్యాంకులోకి మనిషిని మాత్రం దించొద్దు, లోపలి గ్యాస్ ప్రాణం తీస్తుంది.