480పీలో చీకటి క్రైమ్ సిరీస్ చూడాలంటే

480పీలో, అంటే పైనుంచి కిందికి 480 గీతలే ఉన్న వీడియోలో, పగటి సీన్లకు ఢోకా ఉండదు. రాత్రి సీను రాగానే డిటెక్టివ్ మొహం గళ్ళు గళ్ళుగా విడిపోతుంది. రిజల్యూషన్‌ని తిట్టుకుంటాం గానీ, ఎక్కువసార్లు దోషం బిట్‌రేటుది, అంటే సెకనుకు వీడియోకి దక్కే డేటాది. వీడియోని కుదించే ఎన్‌కోడర్ డేటా మిగుల్చుకోవాలనుకుంటే మొదట కోత పెట్టేది చీకటికే. అందుకే కోడెక్ (కుదించే పద్ధతి) ఒకటే అయినప్పుడు, గంటకు 250 ఎంబీ ఉన్న 720పీ కన్నా 500 ఎంబీ ఉన్న 480పీ ఫైలే నయం.

2014లో వచ్చిన అమెరికన్ క్రైమ్ సిరీస్ ‘ట్రూ డిటెక్టివ్’ మొదటి సీజన్‌ని 35 ఎంఎం ఫిల్మ్ మీద తీశారు. ఫిల్మ్ గ్రెయిన్ (ఫిల్మ్ మీద కనిపించే సన్నటి రేణువులు) ఫ్రేము ఫ్రేముకూ మారిపోతుంది కాబట్టి కుదించడం కష్టం. బిట్‌రేటు చాలకపోతే గ్రెయిన్ తుడిచిపెట్టుకుపోయి, కథ జరిగే లూసియానా మబ్బు ఆకాశం మెట్లు మెట్లుగా కనిపిస్తుంది. కంప్యూటర్‌లో వీడియోలు చూసే వీఎల్‌సీ ప్లేయర్‌లో కంట్రోల్, ఈ (E) కీలు కలిపి నొక్కి, వీడియో ఎఫెక్ట్స్‌లో బ్యాండింగ్ రిమూవల్ ఆన్ చేస్తే ఆ మెట్లు కొంత కలిసిపోతాయి. దానికి తోడు ఫిల్మ్ గ్రెయిన్ కొద్దిగా కలపండి, ఎక్కువైతే దోమతెర వెనక నుంచి చూసినట్టుంటుంది.

చీకటిగా ఉందని బ్రైట్‌నెస్ పెంచకండి. నలుపు బూడిదరంగుకు తిరిగి, అందులో దాగిన గళ్ళన్నీ బయటపడతాయి. వీఎల్‌సీలో గామాను (మధ్యస్థపు వెలుగుల్ని మార్చే సెట్టింగ్) 1.00 నుంచి 1.10 దాకా జరిపితే చాలు. టీవీలో వివిడ్ మోడ్ తీసేసి సినిమా మోడ్ పెట్టండి. సబ్‌టైటిల్ అక్షరాల చుట్టూ తెల్లటి గీత కనబడుతుంటే, అది పోయేదాకా షార్ప్‌నెస్ తగ్గించండి. ల్యాప్‌టాప్‌ని హెచ్‌డీఎంఐతో కలిపినప్పుడు నలుపు వెలిసినట్టుంటే, నలుపు తెలుపుల హద్దులు నిర్ణయించే రేంజ్ సెట్టింగ్ ల్యాప్‌టాప్‌లో లిమిటెడ్‌గా, టీవీలో ఫుల్‌గా ఉన్నట్టు. నల్లకోటు మడతలు అసలే కనబడకపోతే ల్యాప్‌టాప్‌లో ఫుల్‌గా, టీవీలో లిమిటెడ్‌గా ఉన్నట్టు. రెండూ ఒకే రేంజ్‌లో ఉండాలి.

ట్యూబ్‌లైటు ఆపేయండి. గది మరీ చీకటైతే కళ్ళు లాగుతాయి కాబట్టి టీవీ వెనక చిన్న బల్బు వెలిగితే మంచిది. 32 అంగుళాల టీవీకి తొమ్మిదిన్నర అడుగులు, 43 అంగుళాలకు పన్నెండున్నర అడుగుల దూరంలో కూర్చుంటే 480పీ గీతలు కంటికి విడివిడిగా అందవు. మన హాళ్ళలో పన్నెండడుగులు దొరకడం కష్టమే, 14 అంగుళాల ల్యాప్‌టాప్ నాలుగడుగుల్లో పెట్టుకోవడం తేలిక.

స్ట్రీమింగ్‌లో క్వాలిటీని ఆటోలో వదలకండి. ఉత్కంఠగా సాగే సీను మధ్యలో 240పీకి జారి మళ్ళీ లేస్తే మూడ్ మొత్తం పోతుంది. ఒకచోట లాక్ చేయండి, లేదా ముందే డౌన్‌లోడ్ చేసుకోండి. గొణిగే డైలాగులకు సబ్‌టైటిల్స్ తప్పనిసరి, కాకపోతే తెలుపు కాకుండా లేత బూడిదరంగులో పెట్టండి. తెల్ల అక్షరాలు వెలిగిన ప్రతిసారీ పక్కనున్న చీకటి కంటికి ఆనదు.

ఇక కథలో కనిపించే ఆధారాలు. ఉత్తరం, ఫోన్ మెసేజ్, ఫొటో వెనక రాత. షాట్ మారిన వెంటనే పాజ్ చేస్తే మసకే దక్కుతుంది, ఎందుకంటే కదలని షాట్‌లో వివరం మెల్లగా చేరుతుంది. ఒకటి రెండు సెకన్లు ఆగి పాజ్ చేసి, వీఎల్‌సీలో ఈ (E) కీ నొక్కుతూ ఒక్కో ఫ్రేమే జరపండి. అప్పటికీ చదవలేకపోతే ఆ అర నిమిషానికి మాత్రం 1080పీ పెట్టుకుని, చదివాక మళ్ళీ దించేయండి.