అడవిదున్నల సర్వేకి బయల్దేరే ముందు జాగ్రత్తలు

కోనసీమ నుంచి పాపికొండల అడవికి కెమెరాలు కట్టడానికి వచ్చే వలంటీర్లకు ఇది. ముందు అటవీశాఖ అనుమతి పత్రం చేతికి రావాలి. 2008 నుంచి ఆ అడవి జాతీయ ఉద్యానం, అనుమతి లేకుండా అడుగు పెట్టకూడదు.

అన్నిటికంటే ముఖ్యం మీ బూట్లు. మన లంకల్లో ఇంటింటా పశువులున్నాయి. పాకలో తొక్కిన పేడ, బురదతో పాటు, పశువుల నోట్లో, గిట్టల మధ్య పుండ్లు తెచ్చే గాలికుంటు వైరస్ అడవి దాకా వెళ్లగలదు. పేరులో దున్న ఉన్నా అడవిదున్న ఆవు జాతికి దగ్గరి చుట్టం, మన పశువుల జబ్బులు దానికీ అంటుకుంటాయి. 1968లో కర్ణాటకలోని బందీపూర్ అడవి వైపు పశువుల ముసర రోగం వచ్చి అడవిదున్నలు గుట్టలుగా పోయాయి. టీకా వేసి మందను కాపాడటానికి అడవిలో ఎవరున్నారు చెప్పండి?

అందుకే బూట్ల అడుగుల్లో మట్టిని బ్రష్‌తో గీకేయండి. లీటరు నీళ్లకు 40 గ్రాముల చాకలి సోడా కలిపి, అందులో బాగా నానబెట్టండి. బట్టలు ఉతికినవే వేసుకోండి. మీ ఊళ్లో పశువులకు నోట్లో, గిట్టల మధ్య పుండ్లు కనిపిస్తే ఈసారికి రావద్దు. మొహమాటపడకుండా ఫోన్ చేసి చెప్పండి.

దోమతెర, నీళ్లు, టార్చి మామూలే. సెంటు వద్దు, అడవిదున్నలకు వాసన ఇట్టే తెలుస్తుంది. దారి చూపే కొండరెడ్డి పెద్దాయన ఆగమంటే ఆగండి. దూడతో ఉన్న అడవిదున్న ఎదురైతే ఫొటో సంగతి మరిచి, మెల్లగా వెనక్కి జరగండి.