పాత ఫుటేజ్ లైసెన్స్‌కి దరఖాస్తు: తిరుపతిలో డాక్యుమెంటరీ తీసేవాళ్ల కోసం

తిరుమల మొదటి ఘాట్ రోడ్డు 1944లో తెరిచారు, రెండోది 1974లో. ఎస్వీ యూనివర్సిటీ 1954లో మొదలైంది. ఆ రోజుల దృశ్యాలు సినిమాలో పెట్టాలనుకునేవాళ్లు ముందుగా తేల్చుకోవాల్సింది ఒకటే: ఆ ఫుటేజ్ ఎవరిది? రీలు ఉన్నవాళ్లకే హక్కు ఉంటుందని అనుకోకండి.

1948లో ఏర్పడిన కేంద్ర ప్రభుత్వ ఫిల్మ్స్ డివిజన్ న్యూస్‌రీళ్లు (వార్తా చిత్రాలు), డాక్యుమెంటరీలు 2022 నుంచి ఎన్‌ఎఫ్‌డీసీ (జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ) చేతిలో ఉన్నాయి. దూరదర్శన్‌వైతే దాన్ని నడిపే ప్రసార భారతిని అడగాలి. పుణెలోని నేషనల్ ఫిల్మ్ ఆర్కైవ్ రీళ్లు భద్రపరుస్తుంది గానీ, చాలా సినిమాల హక్కులు నిర్మాతల దగ్గరే ఉంటాయి. అప్పుడు నిర్మాత లేదా వారసుల సంతకం కూడా కావాలి. ఎస్వీబీసీ (శ్రీ వేంకటేశ్వర భక్తి ఛానల్) దృశ్యాలకు దూరం పోనక్కర్లేదు, అది టీటీడీ ఛానలే. అయినా మాట అనుమతి చాలదు, రాతపూర్వకంగా తీసుకోండి.

మన చట్టంలో సినిమా కాపీరైట్, విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు. అంటే 1964లో విడుదలైనదానికి 2024 డిసెంబరు 31తో గడువు తీరింది. అలాంటివాటికి కూడా రీలు ఉన్నవాళ్లు మంచి కాపీ ఇచ్చినందుకు ఖర్చు అడగొచ్చు. అందులోని పాట హక్కులు మాత్రం విడిగా చూసుకోవాలి.

దరఖాస్తు ఉత్తరంలో మీ సినిమా పేరు, నిడివి, కథాంశం రెండు పేరాల్లో రాయండి. "పాత తిరుపతి దృశ్యాలు కావాలి" అంటే ఎవరూ వెతకలేరు. ఏ ఏడాది, ఏ చోటు, దాదాపు ఎన్ని సెకన్లు అని చెప్పాలి. ప్రివ్యూ కాపీ చూశాక కావాల్సిన ముక్కల టైమ్ కోడ్ (ఏ నిమిషం, ఏ సెకను నుంచి ఎక్కడి వరకు అనేది) పంపితే రేటు చెబుతారు. అది నిడివిని బట్టి, వాడకాన్ని బట్టి మారుతుంది.

ఒప్పందంలో మూడు మాటలు కచ్చితంగా ఉండాలి: ఎన్నేళ్లకు, ఏయే దేశాల్లో, ఏ మాధ్యమాల్లో. కాలం రాయకపోతే చట్టం దాన్ని 5 ఏళ్లుగా, ప్రాంతం రాయకపోతే భారతదేశం వరకే అని తీసుకుంటుంది. నా మొదటి డాక్యుమెంటరీకి ఫెస్టివల్ ప్రదర్శన అని మాత్రమే రాయించుకున్నాను. తర్వాత ఓటీటీ వాళ్లు అడిగితే, 40 సెకన్ల ముక్కకు మళ్లీ డబ్బు కట్టాల్సి వచ్చింది. విడుదల ముందు రెండు వారాలు ఆ టెన్షన్‌తోనే గడిచాయి.

డబ్బు కట్టిన రసీదు, సంతకాల ఒప్పందం, టైమ్ కోడ్ జాబితా ఒకే ఫైల్లో పెట్టుకోండి. ఓటీటీ వాళ్లు సినిమా తీసుకునే ముందు ఆ కాగితాలే అడుగుతారు.