జ్ఞానం, అధికారం – నాలుగో పాఠం: గీతను చదవడం

పోయిన పాఠంలో ఇంట్లో ఉన్న ఏదో ఒక కార్డు తీసి, దాని మీద ఏమేం గడులున్నాయో నోటుబుక్కులో ఎక్కించమన్నాను. రేషన్ కార్డో, విశాఖ కేజీహెచ్ ఆసుపత్రి ఓపీ చీటీయో, పిల్లల ప్రోగ్రెస్ రిపోర్టో, ఏదైనా సరే. ఆ పేజీ ఇప్పుడు ముందు పెట్టుకోండి. గడిలో మనిషిని ఎలా ఇరికిస్తారో అప్పుడు చూశాం. ఈసారి గీత చదవడం నేర్చుకుందాం. ఇటుంటే మామూలు, అటుంటే తేడా అని చెప్పే గీత.

నేను తీసుకున్నది విశాఖ పెద్దజాలరిపేటలో ఒక తల్లి దగ్గర చూసిన అంగన్‌వాడీ కార్డు. లోపలి పేజీలో అడుగున వయసు నెలల్లో, ఎడమ పక్కన బరువు కిలోల్లో ఉంటాయి. మధ్యలో ఆకుపచ్చ, పసుపు, నారింజ పట్టీలు. ఆకుపచ్చలో ఉంటే బరువు మామూలు, పసుపులో తక్కువ, నారింజలో మరీ తక్కువ. కార్డు మడతల దగ్గర నలిగిపోయింది, అంచున ఒక చేప పొలుసు అంటుకుని మెరుస్తోంది. నెలనెలా టీచరు పెట్టిన చుక్కలు ఆకుపచ్చలో పైకి పాకుతూ వచ్చి, చివరి రెండూ పసుపులో పడ్డాయి.

"ఆడు బాగానే తింతన్నాడు బాబూ. అయినా పసుపులోకి ఎలిపోనాడంట," అంది ఆవిడ, చుక్క మీద వేలు పెట్టి.

ఆ మాట మళ్లీ చదవండి. సన్నబడ్డాడు అనలేదు. పసుపులోకి వెళ్లాడంది. తన బిడ్డ గురించి తనకు తెలిసినది చెప్పడానికి కూడా ఆ తల్లి కార్డు భాషనే వాడుతోంది. ఈ పాఠాల్లో మనం పట్టుకోవాలనుకుంటున్నది సరిగ్గా ఇదే.

ఫ్రెంచి తత్వవేత్త మిషెల్ ఫూకో 1975లో జైళ్ల చరిత్ర మీద అచ్చువేసిన పుస్తకంలో పరీక్ష గురించి రాశాడు. బడిలో, ఆసుపత్రిలో, బ్యారక్‌లో మనిషిని నిలబెట్టి చూస్తారు, చూసింది కాగితం మీద ఎక్కిస్తారు, ఆ కాగితంతో అతను ఒక 'కేసు' అవుతాడు. మన ఆసుపత్రుల్లో 'కేసు షీటు' అని రోజూ అంటూనే ఉంటాం, ఆ మాట ఎంత బరువైనదో పట్టించుకోం. అంతకుముందు చరిత్రలో రాతకెక్కేవాళ్లు రాజులూ వీరులూ. కొత్త కాలంలో రోగులు, బడిపిల్లలు, ఖైదీలు రాతకెక్కారు. ఎక్కింది పొగడ్త కోసం కాదు, అదుపు కోసం.

ఇక్కడొక పొరపాటు చాలామంది చేస్తారు. ఫూకో చెప్పింది, ఇంగ్లీషు తత్వవేత్త బేకన్ పేరుతో మనం వల్లించే 'జ్ఞానమే బలం' ఒకటే అనుకుంటారు. కాదు. జ్ఞానం, అధికారం రెండూ ఒకటే అయితే వాటి మధ్య సంబంధాన్ని తవ్వాల్సిన పనే నాకుండేది కాదని 1983లో ఒక ఇంటర్వ్యూలో ఫూకోయే అన్నాడు. ఒకటి రెండోదాన్ని ఎలా పుట్టిస్తుందో చూడటమే అసలు పని.

ఇక గీతను అడగాల్సిన ప్రశ్నలు.

మొదటిది: ఎవరిని కొలిచి గీశారు? కార్డు మీది గీత ప్రపంచ ఆరోగ్య సంస్థ 2006లో విడుదల చేసిన ప్రమాణం నుంచి వచ్చింది. బ్రెజిల్, ఘనా, భారత్, నార్వే, ఒమన్, అమెరికా, ఈ 6 దేశాల్లో సుమారు 8,500 మంది పిల్లల్ని చూసి గీశారు. మన దేశం నుంచి తీసుకున్నది దక్షిణ ఢిల్లీలో బాగా జరుగుబాటున్న ఇళ్ల పిల్లల్ని. తల్లిపాలు అంది, ఏ లోటూ లేకుండా పెరిగితే బిడ్డ ఎంత ఎదుగుతుందో తెలుసుకోవాలన్నదే వాళ్ల ఉద్దేశం. అంటే ఇది పిల్లలు ఎలా ఉన్నారో చెప్పే గీత కాదు, ఎలా ఉండాలో చెప్పే గీత. ఈ తేడా పట్టుకుంటే పాఠంలో సగం వచ్చేసినట్టే.

రెండోది: గీత దాటితే ఏమవుతుంది? జాలరిపేటలో అయితే గుడ్లు, పాలు, టీచరు ఇంటికొచ్చి చూసిపోవడం. బెత్తం లేదు, జరిమానా లేదు. అధికారం అంటే వద్దనడమే కాదు, పెంచుతుంది, తినిపిస్తుంది, లెక్క పెడుతుంది అని ఫూకో పట్టుబట్టి చెప్పింది ఇందుకే. చుక్కలన్నీ కలిసి పైకి లెక్కగా వెళ్తాయి, ఆ లెక్కను బట్టి సరుకు కిందికి దిగుతుంది, సరుకు ఇచ్చేచోట మళ్లీ తూకం వేస్తారు. కాబట్టి కార్డు అబద్ధమని తేల్చేయకండి. ఆ పిల్లాడికి గుడ్డు నిజంగానే కావాలి. ఫూకోను చదివి డాక్టర్లను తిట్టడం మొదలుపెట్టేవాళ్లను చూస్తే నాకు బాధేస్తుంది.

మూడోది నాకు అన్నిటికన్నా ముఖ్యం: గీత రాకముందు దాన్ని ఏమనేవారు? వైజాగ్ నుంచి చింతపల్లి వైపు కొండలెక్కండి. కొండవాలు మీద చెట్లు కొట్టి, కాల్చి, సామలో చోళ్లో (రాగులు) చల్లి, కొన్నేళ్లకు ఆ చోటు వదిలేసి మరోచోటికి పోవడాన్ని అక్కడివాళ్లు పోడు అన్నారు. అది వ్యవసాయం. 1882 మద్రాసు అటవీ చట్టం వచ్చాక అదే కొండ మీద హద్దులు పడ్డాయి. అటవీశాఖ లెక్కించింది కలపను. కలప లెక్కలో చోళ్లు కనపడవు, కాలిన చెట్టే కనపడుతుంది. దాంతో సాగు కాస్తా విధ్వంసమైంది, రైతు నేరస్తుడయ్యాడు. 1922 ఆగస్టులో అల్లూరి సీతారామరాజు వెంట చింతపల్లి పోలీస్ స్టేషన్ మీదికి వెళ్లినవాళ్ల కోపంలో వెట్టి రోడ్డు పనితో పాటు ఈ హద్దులూ ఉన్నాయి. అంగన్‌వాడీ గీత గుడ్డు పట్టుకుని వచ్చింది, అటవీ గీత లాఠీ పట్టుకుని వచ్చింది. రెండిటి వెనకా కొలతే ఉంది.

అభ్యాసం: మీ కార్డులో ఒకే ఒక్క గీత వెతకండి. పాస్ మార్కు కావచ్చు, ఆదాయ పరిమితి కావచ్చు, షుగర్ రిపోర్టులో పక్కన వేసే అంకె కావచ్చు. మొదటి రెండు ప్రశ్నలకు చెరో రెండు లైన్లు చాలు. మూడోదానికి మాత్రం ఇంట్లో పెద్దవాళ్ల దగ్గర కూర్చోండి. ఈ గీత లేనప్పుడు వాళ్లు ఏ మాట వాడేవారో అడిగి, వాళ్ల యాసలోనే రాసుకోండి, దిద్దొద్దు. ఐదో పాఠంలో ఆ మాటతోనే మొదలుపెడతాం.