పక్కింటి బిడ్డ ఆపదలో ఉందని తెలిస్తే ఏం చేయాలి? బెంగళూరులోని తెలుగువారి కోసం

వర్తూరు, సర్జాపుర రోడ్డు, యలహంక వైపు కొత్త అపార్ట్‌మెంట్లు లేచే చోటల్లా వాటి వెనక రేకుల షెడ్ల వరసలు కనిపిస్తాయి. ఆ షెడ్లలో చాలాచోట్ల వినిపించేది తెలుగే. అనంతపురం, కర్నూలు, పాలమూరు నుంచి కాంక్రీటు పనికి వచ్చిన కుటుంబాలు అవి. తల్లిదండ్రులు పొద్దున్నే పనిలోకి వెళితే చంటివాడిని ఎత్తుకుని తిరిగేది ఎనిమిదేళ్ల అక్క. తలుపుకు గడియ సరిగ్గా పడదు, స్నానానికి చాటు ఉండదు, చుట్టుపక్కల మనుషులు కొన్ని నెలలకోసారి మారిపోతుంటారు. ఎదురుగా ఉన్న అపార్ట్‌మెంట్లలోనూ తెలుగువారున్నారు. దూరపు చుట్టాలమ్మాయి అని చెప్పి ఊరి నుంచి తెచ్చి ఇంటిపనికి పెట్టుకున్న పిల్లలు, సొంత ఇంట్లోనే దెబ్బలు తినే పిల్లలు అక్కడా ఉన్నారు.

సాయంత్రాలు ఈ పిల్లలకు చదువు చెప్పేవారికి, అంగన్‌వాడీ టీచరుకు, పక్కింటి పెద్దమ్మకు ఏదో ఒకరోజు బిడ్డ నోటి నుంచి వినకూడని మాట వినబడవచ్చు. ఆ రోజు ఏం చేయాలో ముందే తెలిసి ఉండడం చాలా అవసరం. ఒక మాట మొదటే చెబుతాను. ఫిర్యాదు ఇవ్వడంతో పని సగం కూడా పూర్తికాదు. ఆ తర్వాత కుటుంబం చెదిరిపోకుండా, బిడ్డనే తప్పుపట్టకుండా నిలబడేలా చూడడం అంతకంటే పెద్ద పని. ఎక్కువ మంది చేయి వదిలేసేది కూడా అక్కడే.

1. గమనించండి

ఆడుకునే పిల్లలకు మోకాళ్ల మీద, మోచేతుల మీద దెబ్బలు సహజం. వీపు, తొడలు, చెవులు, భుజాల లోపలి వైపు కమిలితే, గుండ్రటి కాలిన మచ్చలు కనిపిస్తే ఆలోచించాలి. మానేసిన పక్కతడపడం మళ్లీ మొదలు కావడం, ఒకే మనిషిని చూసి బిగుసుకుపోవడం, హుషారుగా ఉండే పిల్ల ఉన్నట్టుండి మౌనంగా మారడం, ఎవరిచ్చారో చెప్పని డబ్బు లేదా ఫోను చేతిలో కనబడడం కూడా అలాంటివే. ఇందులో ఏ ఒక్కటీ రుజువు కాదు. రెండు మూడు కలిసి, అదీ హఠాత్తుగా కనబడితే దగ్గరగా చూడాలి. మగపిల్లల మీద లైంగిక దాడి జరగవచ్చన్న ఊహే చాలామంది రానివ్వరు. పిల్లల మీద లైంగిక నేరాలను శిక్షించడానికి 2012లో వచ్చిన పోక్సో చట్టానికి మాత్రం 18 ఏళ్లలోపు అబ్బాయైనా అమ్మాయైనా ఒకటే.

పేదరికాన్ని చూసి పిల్లల పట్ల నిర్లక్ష్యమని పొరబడకండి. చంటివాడిని పెద్దపిల్లకు అప్పగించి పనికి వెళ్లిన తల్లి నేరస్తురాలు కాదు, ఆమెకు వేరే దారి లేదు. ఆ ఇంటికి పోలీసులతో పని లేదు. దగ్గరలోని అంగన్‌వాడీలో పిల్లల పేర్లు రాయించండి. పెద్ద నిర్మాణ స్థలాల్లో ఆరేళ్లలోపు పిల్లల కోసం గది, చూసుకునే మనిషి ఏర్పాటు చేయవలసిన బాధ్యత పని చేయించేవారిదే. నలుగురు కలిసి ఆ మాట అడగండి.

2. బిడ్డ చెప్పినప్పుడు వినండి

చేస్తున్న పని ఆపి, బిడ్డ ఎత్తులో కూర్చోండి. ముఖంలో భయం, కోపం కనబడనివ్వకండి. మీరు కంగారుపడితే, చెప్పకూడనిది చెప్పానేమో అని బిడ్డ అక్కడే ఆగిపోతుంది. “నాకు చెప్పి మంచి పని చేశావు పాపా. ఇందులో నీ తప్పు ఏమీ లేదు” అనండి. ఆ సమయానికి అంతకంటే పెద్ద మాటలు అక్కరలేదు.

“ఎవరికీ చెప్పనని ఒట్టు వేయి” అని పిల్లలు అడుగుతారు. వేయకండి. తర్వాత ఆ ఒట్టు తప్పవలసి వస్తుంది, అప్పుడు బిడ్డకు మీ మీద కూడా నమ్మకం పోతుంది. “నీకు సాయం చేయగలిగినవాళ్లకే చెబుతాను. ఎవరికి చెబుతానో ముందు నీకు చెబుతాను” అనండి. ఆ మాట నిలబెట్టుకోండి.

ప్రశ్నలు చాలా తక్కువగా ఉండాలి. “ఏమి జరిగింది?”, “ఆ తర్వాత?” చాలు. “మామ నిన్ను ఇక్కడ ముట్టుకున్నాడా?” లాంటి ప్రశ్న వేయకండి. జవాబు మీరే అందించినట్టవుతుంది, రేపు కోర్టులో ఎదుటి వకీలు పిల్లకు ఎవరో నేర్పించారని వాదించడానికి వీలు దొరుకుతుంది. షెడ్లలో పిల్లలకు ప్రతి మగమనిషీ మామో బాబాయో అవుతాడు. మనిషెవరో తేల్చుకోవాలంటే “ఆ మామ ఎక్కడ ఉంటాడు?” అని అడిగితే సరిపోతుంది. వీడియో తీయకండి. ఇంకో నలుగురిని పిలిచి మళ్లీ చెప్పించకండి. ప్రతిసారీ బిడ్డ ఆ సంఘటనలోకి తిరిగి వెళ్లవలసి వస్తుంది.

3. ఆ రోజే రాసిపెట్టండి

తేదీ, సమయం, చోటు, మాట ఎలా మొదలైంది, బిడ్డ వాడిన పదాలు. మీ అభిప్రాయం వద్దు. బిడ్డ మాటలను శుభ్రమైన తెలుగులోకి మార్చవద్దు. ఆ కాగితం భద్రంగా దాచండి. అపార్ట్‌మెంటు వాట్సాప్ గ్రూపులో పేరు, ఫొటో, షెడ్డు నంబరు ఏదీ పెట్టకండి. బిడ్డ ఎవరో బయటపెట్టడం 2015 బాలల న్యాయ చట్టం ప్రకారం శిక్షార్హమైన నేరం. సాయం కోసమే పెట్టామన్నా ఒకసారి బయటికి పోయిన ఫొటో వెనక్కి రాదు.

4. ఇటీవలే జరిగి ఉంటే ముందు ఆసుపత్రికి

లైంగిక దాడి జరిగి ఒకటి రెండు రోజులే అయితే స్నానం చేయించకండి, బట్టలు ఉతకకండి. బట్టలను ప్లాస్టిక్ కవరులో కాకుండా కాగితపు సంచిలో పెట్టండి. హెచ్‌ఐవీ సోకకుండా ఇచ్చే మందులు 72 గంటల్లోపే మొదలుపెట్టాలి, ఎంత త్వరగా అయితే అంత మేలు. ప్రభుత్వ ఆసుపత్రి గానీ ప్రైవేటు ఆసుపత్రి గానీ ఇలాంటి బిడ్డకు వెంటనే ఉచితంగా చికిత్స చేయాలని చట్టం చెబుతోంది. ముందు ఎఫ్‌ఐఆర్ తెమ్మని తిప్పి పంపే హక్కు ఎవరికీ లేదు. ఆడపిల్లను మహిళా డాక్టరే పరీక్షించాలి, బిడ్డ నమ్మే మనిషి పక్కన ఉండాలి.

5. సమాచారం ఇవ్వండి

1098 పిల్లల సహాయవాణి. 1996లో ముంబయిలో మొదలైంది, దేశమంతటా రాత్రీ పగలూ పనిచేస్తుంది. ప్రాణాపాయం ఉంటే 112. లైంగిక నేరమని తెలిస్తే, లేదా జరగబోతోందని భయం కలిగినా, పోలీసులకు చెప్పడం పోక్సో 19వ సెక్షన్ ప్రకారం ప్రతి ఒక్కరి బాధ్యత. చెప్పకపోతే ఆరు నెలల వరకు జైలుశిక్ష పడవచ్చు. బడి, హాస్టలు లాంటి సంస్థను నడిపే వ్యక్తి తన కింద పనిచేసేవారు చేసిన నేరాన్ని దాచితే అది ఏడాది వరకు పోతుంది. రుజువులు వెతకడం మీ పని కాదు. మంచి ఉద్దేశంతో ఇచ్చిన సమాచారానికి మీ మీద కేసు పెట్టలేరు.

నేరం ఊరిలో జరిగింది, బిడ్డ బెంగళూరుకు వచ్చాక బయటపెట్టింది అనుకోండి. పండగ సెలవులకు ఊరు వెళ్లి వచ్చిన తర్వాత ఇలాంటివి బయటపడుతుంటాయి. “మా పరిధి కాదు, అనంతపురం వెళ్లండి” అని స్టేషనులో అంటే జీరో ఎఫ్‌ఐఆర్ అడగండి. ఏ స్టేషనులోనైనా నమోదు చేయాలి, వారే సంబంధిత స్టేషనుకు పంపుతారు. ఎఫ్‌ఐఆర్ నకలు ఉచితం. తీసుకోకుండా బయటికి రాకండి.

దెబ్బలు, తిండి పెట్టకపోవడం, ఇంటిపనికి పెట్టుకోవడం లాంటి విషయాలకు 1098తో పాటు బాలల సంక్షేమ సమితిని ఆశ్రయించవచ్చు. ఒక అధ్యక్షుడు లేదా అధ్యక్షురాలు, నలుగురు సభ్యులు ఉండే ఈ సమితి సంరక్షణ అవసరమైన పిల్లల గురించి నిర్ణయాలు తీసుకుంటుంది. 14 ఏళ్లలోపు పిల్లను జీతానికి పెట్టుకోవడం నేరం. “మా ఇంట్లో మనిషిలాగే చూసుకుంటున్నాం” అన్న మాట దాన్ని మార్చదు.

6. పక్కన నిలబడండి, ముఖ్యంగా భాష దగ్గర

బిడ్డ వాంగ్మూలాన్ని ఇంట్లో గానీ, బిడ్డ కోరిన చోట గానీ, సాధ్యమైనంతవరకు మహిళా ఎస్సై నమోదు చేయాలి. యూనిఫాం వేసుకుని రాకూడదు. ఏ కారణంతోనూ బిడ్డను రాత్రిపూట స్టేషనులో ఉంచకూడదు. నమ్మకస్తులు ఒకరు పక్కన ఉండవచ్చు. పోలీసులు 24 గంటల్లోపు విషయాన్ని సంక్షేమ సమితికి, ప్రత్యేక కోర్టుకు తెలపాలి.

బెంగళూరులో తెలుగు బిడ్డకు అసలు చిక్కు ఇక్కడే వస్తుంది. రాసుకునేది కన్నడంలో. దుబాసీని ఏర్పాటు చేయమని చట్టమే చెబుతున్నా, హడావిడిలో అందరూ చుట్టూ చూసి రెండు భాషలూ వచ్చినవాడిని పిలుస్తారు. షెడ్లలో అలాంటివాడు సాధారణంగా మేస్త్రి. నిందితుడు అతని మనిషి కావచ్చు, బంధువు కావచ్చు, అతనే కావచ్చు. మేస్త్రి ముందు ఆ బిడ్డ నోరు విప్పదు, విప్పినా కాగితం మీదికి ఏ మాట వెళుతుందో ఎవరికీ తెలియదు. అందుకే దుబాసీ ఈ కుటుంబంతో, ఈ పనిస్థలంతో ఏ సంబంధమూ లేని వ్యక్తి అయి ఉండాలని పట్టుబట్టండి. రాసినదాన్ని తెలుగులో చదివి వినిపించాకే సంతకమో వేలిముద్రో వేయమనండి. రెండు భాషలూ బాగా వచ్చినవారు మీరైతే, ఈ నగరంలో మీరు చేయగలిగిన గొప్ప సేవ ఇదే. మీ పేరు జిల్లా బాలల సంరక్షణ యూనిట్‌లో ఇచ్చి ఉంచండి.

కేసు నడిచినంత కాలం బిడ్డకు తోడుగా ఉండే సహాయక వ్యక్తిని నియమించమని సంక్షేమ సమితిని అడగండి. విచారణ రహస్యంగా జరుగుతుంది, నిందితుడు బిడ్డ కంటికి కనబడకుండా ఏర్పాటు చేస్తారు. ఏడాదిలో ముగించాలన్నది చట్టం పెట్టుకున్న లక్ష్యం. అంతకంటే ఎక్కువ పడుతుందనుకునే సిద్ధపడండి.

7. కుటుంబాన్ని వదలకండి

తల్లి నోటి నుంచి మొదట వచ్చే మాట తరచుగా “నువ్వెందుకు వెళ్లావే అక్కడికి?” అని ఉంటుంది. అది విని ఆమె మీద కోపం తెచ్చుకోకండి. ఆమెను పక్కకు పిలిచి కూర్చోబెట్టండి. “అక్కా, మీరు పనికి వెళ్లడం తప్పు కాదు, పాప అక్కడికి వెళ్లడమూ తప్పు కాదు. చేసినవాడిదే తప్పు” అని ఆమెకు ఎక్కేదాకా చెప్పండి. తల్లి నమ్మిందా లేదా అన్నదాని మీదే బిడ్డ కోలుకోవడం చాలావరకు ఆధారపడుతుంది. అందుకే ఆమె కోసం పెట్టే సమయం బిడ్డ కోసం పెట్టినట్టే.

తర్వాత డబ్బు. నిందితుడు ఇంట్లో సంపాదించే మనిషైతే రేపటి బియ్యానికి కూడా కష్టమే. కాకపోయినా స్టేషనుకు, కోర్టుకు వెళ్లిన ప్రతిరోజూ కూలి పోతుంది. మేస్త్రి దగ్గర తీసుకున్న అడ్వాన్సు అలాగే ఉంటుంది. తిండికి, బట్టలకు, ప్రయాణాలకు తక్షణ సాయం సిఫారసు చేసే అధికారం 2020 పోక్సో నిబంధనల ప్రకారం సంక్షేమ సమితికి ఉంది. సిఫారసు అందిన వారంలోపు ఆ డబ్బు ఇవ్వాలి. ప్రత్యేక కోర్టు తీర్పు కంటే ముందే మధ్యంతర పరిహారం ఇప్పించగలదు. అర్హత ఉన్న కుటుంబాలకు మిషన్ వాత్సల్య అనే కేంద్ర పథకం కింద బిడ్డకు నెలకు 4,000 రూపాయల స్పాన్సర్‌షిప్ ఉంది. మహిళలకు, పిల్లలకు ఆదాయంతో సంబంధం లేకుండా వకీలు ఉచితం, నంబరు 15100. ఇవేవీ అడగకుండా ఇంటికి రావు. దరఖాస్తు రాసి, ఆధార్ కార్డు, బ్యాంకు ఖాతా కాగితాలు సర్ది, వెంట వెళ్లేవారు కావాలి.

రాజీ ఒత్తిడి తప్పక వస్తుంది. ఊరి పెద్దలు ఫోను చేస్తారు, అమ్మాయి పెళ్లి సంగతి ఎత్తుతారు, కొంత డబ్బు ముందు పెడతారు. ఇది మనలో మనం కూర్చుని తేల్చుకునే తగాదా కాదని, ఇలాంటి నేరాన్ని పంచాయితీలో మాఫీ చేయడం కుదరదని తండ్రికి, పెదనాన్నకు నెమ్మదిగా వివరించండి. బెదిరింపులు వస్తే తేదీలతో రాసిపెట్టి పోలీసులకు ఇవ్వండి.

“ఊరికి వెళ్లిపోతాం” అంటే అడ్డుపడకండి. అమ్మమ్మ దగ్గర ఉండడం ఆ బిడ్డకు నిజంగానే మేలు కావచ్చు. కేసు నంబరు, ఎఫ్‌ఐఆర్ నకలు, దర్యాప్తు అధికారి ఫోను నంబరు, సహాయక వ్యక్తి నంబరు ఒక కవరులో పెట్టి తల్లి చేతికివ్వండి. ఊరి చిరునామా, పనిచేసే ఫోను నంబరు ఇక్కడి సంక్షేమ సమితికి ఇవ్వండి. అక్కడి జిల్లా సమితికి విషయం పంపమని రాతపూర్వకంగా కోరండి. సమన్లు ఖాళీ చేసిన షెడ్డుకు వచ్చి వెనక్కి పోతే కేసు అక్కడే చతికిలబడుతుంది.

బిడ్డను బాలమందిరానికి పంపాలన్న ఆలోచన చాలామందికి వెంటనే వస్తుంది. ఇంట్లోనే ప్రమాదం ఉంటే అది తప్పదు. కానీ సంస్థలో ఉంచడం చివరి మార్గంగానే ఉండాలని చట్టం కూడా అంటోంది. అమ్మమ్మ, మేనత్త, పిన్ని ఎవరైనా సురక్షితంగా చూసుకోగలరా అన్నది సమితి ముందు గట్టిగా అడగండి.

8. బడి, నిద్ర, ఆట

బిడ్డ రోజు మళ్లీ మామూలు రోజులా సాగాలి. బడి మారవలసి వస్తే టీసీ లేదని, వయసు ధ్రువపత్రం లేదని 14 ఏళ్లలోపు పిల్లలకు ప్రభుత్వ బడిలో ప్రవేశం నిరాకరించకూడదు. కొత్త బడిలో హెడ్మాస్టరుకు తెలియవలసినంత మాత్రమే చెప్పండి, మొత్తం స్టాఫు గదికి కాదు. నిద్ర పట్టకపోవడం, తిండి మానేయడం, తనను తాను గాయపరచుకోవడం కనబడితే నిమ్హాన్స్‌లో పిల్లల మానసిక వైద్య విభాగం ఉంది. అంతవరకు వెళ్లలేనివారు మానసిక ఆరోగ్య సహాయవాణి టెలి మానస్ 14416కు ఫోను చేసి తెలుగులోనే మాట్లాడవచ్చు, ఊరికి వెళ్లిపోయిన కుటుంబానికి కూడా అదే నంబరు పనిచేస్తుంది. మీరు కలిసినప్పుడల్లా కేసు మాట ఎత్తకండి. లెక్కలు చేయించండి, కబడ్డీ ఆడనివ్వండి, బిడ్డ తనంతట తాను చెప్పాలనుకుంటే మాత్రం వినండి.